పొగమంచు పర్వతములు

మానవుడు నడచి చూచిన పర్వతములు కొన్ని, ఊహించి నిర్మించుకొన్నవి కొన్ని. మన ప్రబంధములు చదివినవారికి హిమగిరిపై చిక్కుకొన్న ప్రవరుడు చిరపరిచితుడు. సిద్ధుడొసగిన పాదలేపము మంచునకు కరగిపోగా అతనికి ఇంటిదారి లేకపోయినది. పర్వతము అతనికి వేరే హాని యేమియు చేయలేదు. తిరుగుదారిని మాత్రము హరించినది. అట్టి మాయలుగల వేరొక పర్వతపంక్తిని గూర్చి నేడు ముచ్చటింపదలచితిమి. ఇది ఏ దేశపటమునందును కానరాదు. ఆంగ్ల రచయిత జె. ఆర్. ఆర్. టోల్కీన్ తాను సృజించిన ‘మధ్యభూమి’ యను లోకమున దీనిని నిలిపినాడు.

1937లో వెలువడిన ‘ది హాబిట్’ అను కథయందును, 1954, 1955 సంవత్సరములలో మూడు సంపుటములుగా వచ్చిన ‘ది లార్డ్ ఆఫ్ ది రింగ్స్’ అను మహాకథయందును ఈ పర్వతములు ప్రయాణికుల మార్గమునకు అడ్డముగా నిలిచియున్నవి. ఉత్తరమునుండి దక్షిణమునకు గోడవలె సాగిన ఈ శ్రేణికి ‘పొగమంచు పర్వతములు’ అని పేరు. రచయిత మరణానంతరము 1977లో ప్రకటింపబడిన ‘ది సిల్మరిలియన్’ వీని పుట్టుకను తెలుపుచున్నది. ఒరోమె యను దేవత గుఱ్ఱమెక్కి సంచరించుచుండగా, అతని త్రోవను అడ్డగించుటకై మెల్కోర్ అను దుష్టశక్తి వీనిని పైకెత్తెనట! అనగా ఈ కొండలు పగతోడనే పుట్టినవి.

ఈ శ్రేణి నడుమ మూడు శిఖరములు గలవు. వాని పేర్లను తెనుగున రక్తశృంగము, రజతశృంగము, మేఘశీర్షము అని చెప్పుకొనవచ్చును. రక్తశృంగమునకు ఆ లోకపు భాషలో కరధ్రస్ అని పేరు. ఒక దుష్ట అంగుళీయకమును నాశనము చేయుటకై బయలుదేరిన తొమ్మండుగురు జనవరి మాసపు రాత్రి దీని కనుమను ఎక్కసాగిరి. ఎక్కుటకు ముందే బోరోమిర్ అను వీరుడు ఒక్కొక్కరును ఒక కట్టెలమోపు వెంటగొనుడని హెచ్చరించెను. ఆ లౌకికమైన మాటయే వారి ప్రాణములు నిలిపినది. మంచు ముంచుకొని వచ్చెను. గాలిలో వికృతస్వరములు వినవచ్చెను. పైనుండి రాళ్లు దొర్లెను. మంత్రవేత్తయగు గాండాల్ఫ్ తడికట్టెలను రగిల్చినందున ఆ రాత్రి గడచెను. తెల్లవారిన పిమ్మట మంచును త్రవ్వుకొనుచు దిగివచ్చి చూతురుగదా, ఆ మంచుదిబ్బ వారి ముందట మాత్రమే గోడవలె పేరుకొన్నది. ఆవల స్వల్పముగానే యున్నది. వారు దాటినంతనే రాళ్లు కూలి ఆ త్రోవయు మూసికొనిపోయెను.

ఇది శత్రువు మాయయా, కొండ స్వభావమా? మరుగుజ్జు జాతివాడగు గిమ్లీ ఈ కొండకు ‘క్రూర’ యను పేరు ఆ శత్రువును గూర్చి వినకముందే యున్నదనును. శత్రువుతో పొత్తు లేకయే ద్విపాదులపై వైరము వహించినవి లోకమున పెక్కు గలవని అరగోర్న్ అనును. రచయిత ఏ తీర్పును చెప్పక విడిచినాడు. మంత్రములకంటెను ఈ సందేహమే మనకు ఎక్కువ భయము గొల్పును.

ఈ భయము గ్రంథములనుండి మాత్రమే వచ్చినది కాదు. 1911 వేసవిలో, పందొమ్మిదేండ్ల వయసున, టోల్కీన్ ఒక బృందముతో స్విట్జర్లాండు కొండలలో కాలినడకన తిరిగెను. ఆలెచ్ హిమానీనదము చెంత ఇరుకుదారిపై నడచుచుండగా, ఎండకు మంచు కరగి పైనుండి బండలు దొర్లివచ్చినవి. ఒకటి కొద్దిలో తప్పిపోయినది. అనేక సంవత్సరములకు కుమారునికి వ్రాసిన లేఖలో ఆయన ఈ సంగతిని తెలుపుచు, హాబిట్ కొండదాటిన ప్రయాణమునకు ఆ యాత్రయే మూలమని చెప్పినాడు. యుంగ్‌ఫ్రావు ప్రక్కనున్న సిల్బర్‌హార్న్ శిఖరమే ఆయన కలలలోని రజతశృంగము.

కొండపైనున్న ఆపద ఇట్టిది. కొండ క్రిందనున్న దానికి కారణము వేరు. ఆ శిఖరముల అడుగున మోరియా యను మరుగుజ్జుల నగరము కలదు. అచట మిత్రిల్ అను లోహము దొరకును. అది వెండివలె మెఱయును, ఉక్కుకంటె గట్టిది, మిక్కిలి తేలిక. దానికై వారు లోతునకు, ఇంకను లోతునకు త్రవ్విరి. ఆ లోక కాలగణనమున తృతీయయుగము 1980వ ఏట, పాతాళమున దాగియున్న బాల్‌రోగ్ అను అగ్నిభూతము మేల్కొని రాజును చంపెను. మరుసటి యేట అతని కుమారుడును హతుడుకాగా నగరము పాడువడినది.

మంచుకు వెనుదిరిగిన తొమ్మండుగురు గత్యంతరము లేక ఈ పాడునగరము గుండనే పోవలసివచ్చెను. అచట వంతెనపై గాండాల్ఫ్ ఆ భూతము నెదిరించి, దానితోగూడ అగాధమున పడెను. అధమాధమమైన చీకటినుండి అనంతమైన మెట్లదారిన రజతశృంగాగ్రమువరకు పోరాటము సాగెను. భూతము కూలి కొండచరియ పగిలెను. గాండాల్ఫ్ తన ప్రాణమును సమర్పించి, మరల లోకమునకు పంపబడెను.

ఈ కథలో మనము గమనింపదగిన దొకటి కలదు. మంచు యెదుట బాటసారులు ఆగిరి. లోహము యెదుట త్రవ్వువారు ఆగలేదు. ఆగినవారు సుఖపడిరని టోల్కీన్ చెప్పలేదు. వెయ్యేండ్లకు పైబడి వెనుక ఎవరో ఆగకపోయినందుకు వీరిలో ఉత్తముడు మూల్యము చెల్లింపవలసివచ్చెను. లేని కొండను గూర్చిన కథయే యైనను, భూగర్భమును త్రవ్వి సంపదలు తీయుచున్న మనము దీనిని కేవలము బాలుర వినోదమని ప్రక్కకు నెట్టుట తగదని మా మనవి.