దుభాషి లేని యంత్రము

విజయనగరమున మహారాజావారి సంగీత కళాశాల 1919లో వెలసినది. దానికి తొలి అధ్యక్షులు ఆదిభట్ల నారాయణదాసుగారు. ద్వారం వెంకటస్వామినాయుడుగారు అచ్చట ఫిడేలు నేర్పి, 1936లో అధ్యక్షులైరి. నాయుడుగారి వాదనము గ్రామఫోను పళ్ళెములపై, ఒక్కొక్క వైపున సుమారు మూడు నిముషముల వంతున, నేటికిని మిగిలి యున్నది. దాసుగారు 1945లో పరమపదించిరి. మన దేశమున టేపు యంత్రము వ్యాప్తిలోనికి రాకమునుపే ఆ గజ్జెల చప్పుడు ఆగిపోయినది.

తరువాతి కాలమువారు కొంత అదృష్టవంతులు. వారి పాటలును, తప్పెటగుళ్ళ దరువులును, జముకుల కథలును టేపుల కెక్కినవి. ఆ టేపులు నేడు ముసలివైనవి. సముద్రతీరపు తేమకు వానిపై పూత వదులగును. కొన్నింటినుండి పులిసిన వాసన వచ్చును. కనుక వానిని కంప్యూటరులోనికి ఎక్కించుట తొందరపడి చేయవలసిన పని. అందరును టేపును గూర్చి చింతింతురు. యంత్రమును గూర్చి చింతింతురు. ఆ రెంటి నడుమ నుండి, కంటికి కానరాక పనిచేయు కొన్ని ఫైళ్ళను గూర్చి తలచువారు తక్కువ. నేటి ప్రసంగమున మేము చెప్పదలచినది వానిని గూర్చియే.

టేపుపై నున్న ధ్వని అనలాగు ధ్వని. అనగా గాలిలోని కదలిక ఎట్లుండెనో, అయస్కాంతపు పూతలోని హెచ్చుతగ్గులును అట్లే యుండును. టేపును నడిపినప్పుడు అది విద్యుత్తుగా మారి తీగవెంట వచ్చును. కంప్యూటరునకు అంకెలు తప్ప మరేమియు తెలియవు. అందుచేత నడుమ ఒక మార్పిడి పెట్టె కావలెను. అది విద్యుత్తును క్షణక్షణము కొలిచి, ఆ కొలతలను అంకెలుగా అందించును. సీడీ పళ్ళెమునకు సెకనుకు 44,100 కొలతలు చాలును. భద్రపరచదగిన ధ్వనికి 96,000 కొలతలు తీయుట మేలని పెద్దల మతము. ఒక్కొక్క కొలతకు 24 బిట్లు కేటాయించిన యెడల, ఒక గంట పాట, ఒకే మార్గమున నున్నచో, ఇంచుమించు నూరు కోట్ల బైట్లగును.

ఇంతవరకు విషయము సులభము. ఐనను ఆ పెట్టె పలుకు భాష వేరు. కంప్యూటరు నడుపు వ్యవస్థ భాష వేరు. ఒక్కొక్క తయారీదారు పెట్టె ఒక్కొక్క తీరున పలుకును. ఈ సందర్భమున మాకు గిడుగు రామమూర్తిపంతులుగారు జ్ఞప్తికి వచ్చుచున్నారు. వారు శ్రీకాకుళపు సీమలోని పర్వతాలపేటలో 1863లో జన్మించి, పర్లాకిమిడిలో ఉపాధ్యాయులై యుండిరి. సవరల భాష నేర్వదలచి, తెలుగును సవరయు ఎరిగిన యొకనిని ఇంట నుంచుకొని నేర్చిరి. 1931లో ఆ భాషకు వ్యాకరణమును, 1938లో నిఘంటువును వెలువరించిరి. దుభాషి యొకడు లేనిచో ఆ పని మొదలే కాకపోవును.

కంప్యూటరులో ఈ దుభాషి పని చేయు ఫైలును డ్రైవరు అందురు. దానికి తోడుగా లైబ్రరీ ఫైళ్ళుండును. పేరు గ్రంథాలయమనియే. ఊరి గ్రంథాలయములో ఒకే నిఘంటువును పదిమంది చూచునట్లు, ధ్వనిని స్వీకరించుట, మట్టు సరిచూచుట మొదలగు పనుల విధానము లొక లైబ్రరీ ఫైలులో వ్రాసి యుంచగా, వేర్వేరు రికార్డింగు ప్రోగ్రాములు అవసరము కలిగినప్పుడు దానిని పిలిచి వాడుకొనును. విండోస్‌లో వీనిని డీఎల్‌ఎల్ ఫైళ్ళందురు. లినక్స్‌లో అల్సా అను ఏర్పాటు ఈ పని చేయును.

ఈ దుభాషికి మరియొక బాధ్యత కలదు. అది వేళకు అందించుట. టేపు ఆగదు. అంకెలు గెడ్డలో నీరువలె వచ్చుచునే యుండును. వచ్చిన వానిని తాత్కాలికముగా నిలువజేయుటకు బఫరు అను చిన్న మడుగు కలదు. సెకనులో నూరవ వంతునకు 960 కొలతలు చేరును. ప్రోగ్రాము వానిని వేళకు తోడుకొననిచో మడుగు నిండి, పైనుండి వచ్చినది పొర్లిపోవును. పొర్లినది మరి రాదు. తెరపై మాత్రము ధ్వని తరంగములు నిండుగనే కనబడుచుండును.

దీనిని మేము గ్రంథముల వలనకాక, నష్టము వలన నేర్చితిమి. కొన్ని యేండ్ల క్రిందట మేము పాలుపంచుకొనిన ఒక పనిలో, పల్లెనుండి వచ్చిన ఒక టేపు ఉండెను. పాత కథాగేయములు పాడు ఒక ముదుసలి గొంతు అందున్నది. అప్పటికి పాత కంప్యూటరు పోయి కొత్తది వచ్చినది. మార్పిడి పెట్టె పాతదే. దానికి కొత్త వ్యవస్థకు తగిన డ్రైవరు దొరకలేదు. దగ్గరగా నున్న మరియొకదానిని అమర్చితిమి. ముల్లు కదలినది, తరంగములు కనబడినవి. చాలునని టేపంతయు ఎక్కించి, మొదటను చివరను మాత్రము విని, పని ముగిసినదంటిమి.

వారము దినములకు ఆమె మనుమడు వచ్చి వినెను. కొంతసేపు వినిన మీదట తల యెత్తి, “మా అమ్మమ్మ ఇక్కడ ఊపిరి తియ్యదండి” అనెను. మేము మరల వింటిమి. మాట నడుమ వెంట్రుకవాసి ఖాళీ. మరికొంత దూరమున మరియొకటి. అట్టివి టేపు పొడవునను కలవు. వెంటనే టేపును మరల ఎక్కించితిమి. కాని తొలిసారి నడిపినప్పుడే దాని పూత గోధుమరంగు పొడిగా యంత్రమునకు అంటుకొనిపోయినది. ఈసారి కొన్ని చరణములు స్పష్టముగా రాలేదు. ఆ కుర్రవాడు మమ్ము ఒక్క మాటయు అనలేదు. అనియుండిన బాగుండెడిది. టేపు తప్పు కాదు, పెట్టె తప్పు కాదు. చెవితో వినవలసిన దానిని కంటితో చూచి ఒప్పుకొనిన మాదే తప్పు.

ఈ చిక్కు మరల మరల వచ్చునదే. 32 బిట్ల వ్యవస్థకై వ్రాసిన డ్రైవరు 64 బిట్ల విండోస్‌లో పనిచేయదు. 2021లో వచ్చిన విండోస్ 11 వ్యక్తిగత కంప్యూటర్లకు 64 బిట్ల రూపముననే వెలువడినది. విండోస్ 10 సాధారణ సేవ 2025 అక్టోబరు 14న ముగిసినది. కంప్యూటరు మారినప్పుడెల్ల, చక్కగా పనిచేయు పెట్టెలు సైతము దుభాషి లేక మూగపోవుచున్నవి.

కనుక మా అనుభవమునుండి నాలుగు మాటలు. పాత పెట్టె యున్నవారు దాని డ్రైవరు ఫైలును రెండు చోట్ల దాచుకొనవలెను. వీలైనచో పాత కంప్యూటరును ఇంటర్నెట్టునకు కలుపక, ఈ ఒక్క పనికే ఉంచుకొనవలెను. కొత్త పెట్టె కొనువారు, ప్రత్యేకమైన డ్రైవరు అక్కరలేక, యూఎస్‌బీ ధ్వని ప్రమాణము ననుసరించి నడచునదేనా అని అడిగి కొనవలెను. టేపును ముట్టుటకు ముందు, ఒకే తీరున మ్రోగు స్వరమును పది నిముషములు ఎక్కించి, ఆసాంతము వినవలెను. ఎచ్చట చిటుక్కుమన్నను అమరికలో దోష మున్నట్లే. అటుపిమ్మట ఎక్కించిన పాటను సగము సగము కాక, పూర్తిగా వినవలెను. పాడినవారి ఇంటివారిని పిలిచి వినిపించిన మరియు మంచిది. వారి చెవికి సాటివచ్చు యంత్రమును మేము చూడలేదు.

ఒకసారి ధ్వని సక్రమముగా అంకెలై, వేవ్ వంటి సామాన్య రూపమున నిలిచినచో, దానికి ఆ పెట్టెతోను, ఆ డ్రైవరుతోను మరి పని యుండదు. ఏటిని దాటువరకే పడవ. కాని మన టేపులు కొన్ని ఒక్కసారి మాత్రమే దాటగలవు. ఆ ఒక్కసారికి పడవకు చిల్లి లేదని చూచుకొనుట మన పని.