ఒక వస్తువు, పెక్కు చూపులు
(బళ్ళారిలో మన సంఘ సమావేశమునందు చేసిన ప్రసంగ పాఠము)



స్యాద్వాదమును గూర్చి నాలుగు మాటలు చెప్పవలసినదని కార్యదర్శిగారు కోరినప్పుడు మేము వెనుదీసితిమి. మేము పండితులము కాము; మెట్రిక్యులేషనుతో చదువు చాలించి అంగడిలో కూర్చున్నవారము. అయినను ఈ విషయము అంగడికి దూరమైనది కాదు. పైగా గత నెలలో మన సంఘమున జరిగిన వాగ్వాదమునకు మిక్కిలి చేరువగా నున్నది. అందుచేత ఒప్పుకొంటిమి.

జైనుల సిద్ధాంతమునకు అనేకాంతవాదమని పేరు. ప్రతి వస్తువునందును పెక్కు ధర్మములు కలవు. మనము పలుకు ప్రతి మాటయు ఏదో యొక చూపునుండి పలికినదే. ఆ చూపును వారు నయమందురు. ఒక నయమునుండి చూచి ఇదియే సర్వమనుట దోషము. కావున మాటకు ముందు 'స్యాత్' అను పదమును చేర్చవలెనని వారి నియమము. దీనికి 'ఏమో, కావచ్చును' అని అర్థము చెప్పి నవ్వువారు కలరు. అది సరికాదు. 'ఒకానొక అపేక్షచేత' అని దాని యర్థము. కుండ తన ద్రవ్యము, తన చోటు, తన కాలము, తన స్థితి దృష్ట్యా ఉన్నది, వస్త్రముగా లేదు. ఈ రెంటిని ఒకదాని వెనుక నొకటి చెప్పవచ్చును గాని, ఒకే మాటలో ఒకేమారు చెప్పబూనినచో మాట చాలదు. దానిని అవక్తవ్యమందురు. ఉన్నది, లేదు, అవక్తవ్యము అను మూటిని కలుపగా ఏడు భంగములగును. వానినన్నిటిని వల్లించి మీ ఓరిమిని పరీక్షింపము.

సమంతభద్రాచార్యుడు ఆప్తమీమాంసలో చెప్పిన దృష్టాంతము మాబోటి వర్తకుల కొరకే చెప్పినట్లుండును. బంగారు కుండను కరిగించి కిరీటము చేసిరి. కుండ కావలెనన్నవాడు దుఃఖించెను. కిరీటము కావలెనన్నవాడు సంతోషించెను. బంగారము కావలెనన్నవాడు ఊరకుండెను. (తరుగు మాట కంసాలికే తెలియును.) ముగ్గురిలో ఎవ్వడును అబద్ధమాడలేదు. ఇచ్చట గమనింపవలసిన దొకటి కలదు: ఈ మూడు భావములును వారి మనస్సులలో ఊరక పుట్టినవి కావు, మూటికిని ఆ వస్తువునందే కారణము కలదు. నాలుగవవాడు వచ్చి ఇది వెండి యన్నచో వానికి ఏ నయమును తోడురాదు. ఎవరి సత్యము వారిదే యని చేతులు దులుపుకొనుటకు ఈ సిద్ధాంతము ఒప్పదు.

మన ప్రాంతపు మిరపకాయ బ్యాడిగి మార్కెట్టుకు పోవుట మీరెరుగుదురు. ఒక కొనుగోలుదారుడు రంగు చూచును. అతడు రంగు తీయు కార్ఖానాకు పంపువాడు. మరియొకడు కొరికి ఘాటు చూచును. రైతు తూకము చూచును. ఒకే బస్తాను ఒకడు మేలైనదనును, ఒకడు పనికిరాదనును. ఇరువురును బస్తాలో చేయిపెట్టి చూచియే మాటాడుచున్నారు.

శంకర భగవత్పాదులు బ్రహ్మసూత్ర భాష్యమున ఈ మతమును ఖండించిరి. శీతోష్ణములవలె పరస్పర విరుద్ధములైన ధర్మములు ఒకే వస్తువునందు ఒకేసారి యుండజాలవనియు, ఏదియు నిశ్చితము కానిచో వినువాడు దేనిని నమ్మి నడచుకొనుననియు వారి యాక్షేపణ. విరుద్ధములను ఒకే అపేక్షతో చెప్పుట లేదని జైనుల సమాధానము. మాకు ఆ సమాధానము సరిగానే తోచుచున్నది. అయినను శంకరుల రెండవ ప్రశ్న తేలికైనది కాదు. కాటా యొద్ద కూర్చున్నవాడు 'ఒక అపేక్షచేత' అని చెప్పి తప్పించుకొనలేడు; ఒక ధర పలుకవలెను. ఈ ముడిని మేము విప్పజాలము. 1957లో హాల్డేన్ అను జీవశాస్త్రజ్ఞుడు, భారత గణాంకశాస్త్ర సంస్థవారి 'సాంఖ్య' పత్రికలో స్యాద్వాదమును గూర్చి వ్యాసము వ్రాసెననిన, ఇది నేటికిని బుద్ధిమంతులు తలపట్టుకొను విషయమే యని తెలియగలదు.

ఇక మన యింటి సమీపమునకు వత్తము. గుంతకల్లు దాపున, అనంతపురము జిల్లాలో కొనకొండ్ల యను గ్రామము కలదు. జైనులు మిక్కిలి గౌరవించు కుందకుందాచార్యుని జన్మస్థలము అదియే యని సంప్రదాయము. అచ్చటి గుట్టమీద జైన విగ్రహములు కలవు. తెలుగు నేలకు చెందినవాడని చెప్పబడు ఆ మహనీయుడు ప్రాకృతమున వ్రాసెను. ఆయన సమయసారములో నిశ్చయనయము, వ్యవహారనయము అని రెండు చూపులను విభజించెను. నిశ్చయమే పరమార్థము. అట్లయిన వ్యవహార మెందులకు? ఆయన చెప్పిన కారణమిది: పరభాష వానికి వాని భాషలో గాక మరియొక విధమున బోధపరుప శక్యము కాదు; అటులే వ్యవహారము లేక పరమార్థము నుపదేశింప శక్యము కాదు.

ఇది చదివి మేము కొంతసేపు పుస్తకము మూసి కూర్చుంటిమి. ఏలయన, గత నెల వాగ్వాదము దీనిని గూర్చియే.

మన వారపత్రికలో ఒక పుటను తెలుగు మాటలతోనే, కన్నడ లిపిలో అచ్చువేయవలెనని కొందరు యువకులు ప్రతిపాదించిరి. దానిని ఎదిరించినవారిలో మేము ముందుంటిమి. 'ఇది లొంగుబాటు' అను మాట మా నోటనే వచ్చినది. ఆ మాటకు మావద్ద కారణము లేకపోలేదు. 1953 అక్టోబరు 1న ఆంధ్రరాష్ట్రము ఏర్పడినప్పుడు ఆదోని, ఆలూరు, రాయదుర్గము తాలూకాలు అటు పోయినవి. బళ్ళారితో కలిపి ఏడు తాలూకాలు మైసూరులో చేరినవి. నాటి మాటలు మా పెద్దల నోట వినుచు పెరిగినవారము. అదే దినము పొరుగింటి కన్నడ సోదరులకు కోరిక తీరిన దినము. ఊరు ఒకటియే. కుండయు కిరీటమును! మా తాతగారు కుండవైపు వారు.

అయితే మా చిన్నమ్మాయి ఇంటిలో మాటాడునది తెలుగే. బడిలో చదివినది కన్నడము, ఇంగ్లీషు. మొన్న తన అమ్మమ్మకు ఉత్తరము వ్రాసినది. మా కంటబడగా చూచితిమి: లిపి కన్నడము, మాట తెలుగు, అందులో 'అమ్మమ్మా, నీ మోకాలి నొప్పి తగ్గినదా' అని యున్నది. దానిని తెలుగు కాదనుటకు మాకు నోరు రాలేదు. ఈ రెండు లిపులును ఒకప్పుడు ఒక్కటియే యని శాసనములు చూచినవారెల్ల నెరుగుదురు. లిపిని మాత్రమే చూచినచో అది మనది కాదు. పలుకును చూచినచో మనదే. ఈ రెండు మాటలును నిజములే. గత నెలలో మేము మొదటి మాటనే సర్వమని పలికితిమి. ఆ ప్రతిపాదన చేసిన యువకులలో ఒకరు ఆనాటినుండి సమావేశములకు వచ్చుట మానినారు. వారి యింటికి మేమే పోయి పిలువవలసియున్నది. ఈ వారము పోవుదుము.

మేము అభిప్రాయము పూర్తిగా మార్చుకొంటిమని తలపవలదు. లిపి పోయినచో మన పాత పుస్తకములను ఆ పిల్లలు తెరువజాలరను భయము ఇప్పటికిని ఉన్నది. కాన ప్రతిపాదనకు ఒక చిన్న సవరణను వ్రాసి యిచ్చితిమి: పుటలో ఎడమవైపు కన్నడ లిపి, కుడివైపు అవే పంక్తులు తెలుగు లిపిలో. ఖర్చు కొంత హెచ్చగును. కాగితము వెల మాకు తెలియనిది కాదు. వచ్చే ఆదివారము దీనిపై ఓటు తీసికొందురు. ఆనాడు 'స్యాత్' అని చెప్పి తప్పించుకొనుటకు వీలులేదు, చేయెత్తవలెను.

నమూనా పుటలు రెండు అదిగో ఆ బల్లమీద నున్నవి. ఎడమ సగమును మేము కూడబలుకుకొని చదువుటకు చాలసేపు పట్టినది. కుడి సగమునకు మా అమ్మాయికి అంతసేపే పట్టినది. పోవుటకు ముందు మీరును ఒకసారి చదివి చూడుడు.