యంత్రమునకు పరీక్ష



మా యూరి రామాలయపు అరుగుమీద నొకనాటి సాయంకాలము పుష్పకవిమానమును గూర్చి వాదము పుట్టినది. మన పూర్వులు ఆకాశమున తిరిగిరని యొక పెద్దమనుష్యుడు, అది యంతయు కవికల్పనమని మరియొకరు. తుదకిరువురును నావైపు తిరిగి, "పంతులుగారూ, శాస్త్రమేమనుచున్నది?" అనిరి. నాలుగు సంస్కృతగ్రంథములు చదివిన వానికి తప్పించుకొను త్రోవ యుండదు. రెండుదినములు గడువడిగి యింటికి వచ్చి పుస్తకము దీసితిని.

ధారానగరము నేలిన భోజరాజు మనకు కాళిదాసు కథలవలన తెలిసినవాడే. ఆ కథలు చరిత్రకు నిలువవు. కాళిదాసు ఆయనకు కొన్ని శతాబ్దములు పూర్వుడు. అది యటుండనిండు. 11వ శతాబ్దమునాటి యా రాజు పేర సమరాంగణ సూత్రధారమను వాస్తుగ్రంథము కలదు. మహామహోపాధ్యాయ గణపతిశాస్త్రిగారు పరిష్కరింపగా 1924, 1925 సంవత్సరములలో బరోడాయందు అచ్చయినది. అందలి 31వ అధ్యాయము యంత్రవిధానము. దీపమున నూనె పోయు బొమ్మ, తాళమునకు సరిగా ఆడు బొమ్మ, వాకిలి గాచు కొయ్యభటుడు, నీటిధారల యిండ్లు, అన్నిటికంటె వింతగా మనుష్యుని మోసికొని యెగురు కొయ్యపక్షి అందు వర్ణితములు.

వింతలకంటె నన్నాకర్షించినది వానికి ముందున్న భాగము. మంచి యంత్రమునకు ఉండవలసిన గుణము లచట లెక్కింపబడినవి. పృథివి, జలము, అగ్ని, వాయువు అను బీజములు తగినపాళ్లలో కలియవలెను. అతుకులు కుదురుగా నుండవలెను. బరువు తక్కువ కావలెను. అక్కరలేని చప్పుడు కూడదు. నడక తొట్రుపడరాదు. చిరకాలము మన్నవలెను. వీనిలో అశైథిల్యము, అగాఢత అను రెండు గుణముల జంటను చదివినప్పుడు నాకు మన యెడ్లబండి కన్నులకు గట్టినది. చక్రము ఇరుసునకు బిగిసిన తిరుగదు, ఎద్దులు రొప్పును. వదులైన ఊగులాడి నడిదారిలో శీల యూడును. బిగువును వదులును కాని యా సందులో కందెన నిలిచి, బండి సాగును. చెవియొగ్గి చప్పుడు విని చక్రపు రోగము చెప్పు వృద్ధులు మీలో నెందరో యుందురు. మీరు చేయునది ఈ పరీక్షయే. ఈ మాట వ్రాసినవాడు కర్మశాలలో నిలిచి చూచినవాడని నా నమ్మకము.

ఇక నా కొయ్యపక్షిని ఇదే పరీక్షకు నిలుపుదము. తేలికకొయ్యతో గట్టిగా అతికిన పెద్ద పక్షి. దాని కడుపులో పాదరసపు పాత్ర. ఆ క్రింద నిప్పు. రెక్కలు కదలగా, రసముయొక్క శక్తిచే పక్షి యెగురునట. తేలికదనము మొదటి గుణమన్నచో, పాదరసము నీటికి 13న్నర రెట్లు బరువు. అది మరుగుటకు 357 సెంటిగ్రేడు డిగ్రీల వేడి కావలెను; కట్టె మాడి బొగ్గగుట కంతవేడి యక్కరలేదు. ఆ యావిరి పీల్చినవానికి విషము. రసమునకును రెక్కలకును గల లంకె యేమో వివరింపబడలేదు. చిరకాలము మన్నుట యటుండగా, మొదటి జాముననే పక్షియు ఎక్కినవాడును దగ్ధులగుదురు. గ్రంథకర్త గీచిన గీటురాతిమీదనే ఆయన పక్షి నిలువలేదు. ఇట్లు చెప్పుట నాకు కష్టముగానే యుండెను.

యంత్రములను కూర్చు విధము వివరింపకుండుట రహస్యము గాచుటకే కాని తెలియకపోవుటచే కాదని గ్రంథమున సమాధాన మున్నది. నూనె పోయు బొమ్మ విషయమున ఈ మాటను నేను నమ్మెదను. పక్షి విషయమున నమ్మలేను.

వైమానిక శాస్త్రమని మరియొక పుస్తకము కలదు. భరద్వాజమహర్షి రచనయని ప్రచారము. 1974లో బెంగుళూరునందలి భారత విజ్ఞానసంస్థకు చెందిన అయిదుగురు పండితులు అందలి శకున, సుందర, రుక్మ, త్రిపుర విమానముల నమరికను లెక్కలతో పరీక్షించిరి. అవి యెగురజాలవనియు, గ్రంథము 20వ శతాబ్దమున పుట్టినదనియు తేల్చిరి. అందలి సంస్కృతము ప్రాచీనము కాదని వారు చెప్పినదానికి వ్యాకరణము చదివిన నేనును తలయూపవలసివచ్చినది.

మూడవనాడు అరుగుమీద ఇదంతయు చెప్పితిని. విమానము కలదన్న పెద్దమనుష్యుడు చాలసేపు మాటాడలేదు. పిదప, "అయితే రామాయణము అబద్ధమా, పంతులుగారూ?" అనెను. "కావ్యమున పుష్పకము సీతమ్మను అయోధ్యకు చేర్చినది, అది దాని పని. దానికి ఇరుసు వెదకిన మనదే తప్పు" అంటిని. ఆయనకు తృప్తి కలిగినదో లేదో నేనెరుగను.

ఆ మూల కూర్చున్న వడ్రంగి ఆచారి మాత్రము లేచి వచ్చి, "పక్షిమాట పోనిండు, ఆ నూనె పోయు బొమ్మకు కొలత లేమైన ఇచ్చినారా?" అని యడిగెను. లేవంటిని. "బొమ్మ యేమి చేయునో చదివి వినిపింపుడు, కొలతలు నేను చూచుకొందును" అనెను. ఆదివారము రమ్మంటిని.