ఏడు శుక్రవారాల విజేత



ఇందాక ఇదే వేదిక మీద అష్టావధానం చూశాం. నిషిద్ధాక్షరి, సమస్య, దత్తపది నడుస్తూ ఉంటే, అప్రస్తుత ప్రసంగం చేసే పృచ్ఛకుడు అవధాని ఏకాగ్రత చెదరగొట్టడానికి పడ్డ పాట్లకు అందరం నవ్వుకున్నాం. ఆ పృచ్ఛకుడి చేతికే ఒక మైకు ఇచ్చి, మర్యాద అనే కట్టు విప్పేసి, చుట్టూ కేకలు వేసే జనాన్ని నిలబెట్టండి. ర్యాప్ బ్యాటిల్ సుమారుగా అలా ఉంటుంది. తిరుపతి వేంకట కవులకూ కొప్పరపు కవులకూ నడిచిన పోరు గురించి విన్నవాళ్లకు ఈ స్పర్ధ కొత్త కాదు. కాకపోతే ర్యాప్ బ్యాటిల్‌లో ఎదుటివాణ్ణి తిట్టడమే విద్య.

ఆ విద్యలో పేరు మోసిన ఒక్క మనిషి గురించి ఈ పూట మాట్లాడతాను. పేరు జిన్ ఔ-యంగ్. ర్యాప్ లోకం ఎంసీ జిన్ అంటుంది. అమెరికాలో పుట్టిన చైనీయుడు. అతణ్ణి ఎందుకు ఎంచుకున్నానో కాసేపటికి మీకే తెలుస్తుంది.

ముందు ఆ విద్య ఎక్కడిదో రెండు మాటలు. 1973 ఆగస్టు 11న న్యూయార్క్‌లోని బ్రాంక్స్‌లో, 1520 సెడ్జ్‌విక్ అవెన్యూ అనే అపార్టుమెంటు భవనంలో డీజే కూల్ హెర్క్ పాటలు వేసిన పార్టీని హిప్‌హాప్ పుట్టినరోజుగా చెప్పుకుంటారు. అతను జమైకా నుంచి వచ్చినవాడు. ఆ తొలి రోజుల్లో మైకు పట్టుకున్నవాడి పని జనాన్ని ఊపెక్కించడం, అంతే. 1981 డిసెంబరులో హార్లెమ్ వరల్డ్ అనే క్లబ్బులో అది మారింది. జనాన్ని ఆడించడంలో దిట్ట అయిన బిజీ బీ ఆ రాత్రి తనను మించినవాడు లేడన్నట్టు పాడి దిగాడు. తరువాత కూల్ మో డీ మైకు అందుకుని, అతని పేరు పెట్టి, అతని పద్ధతిని పాదం పాదానా చీల్చాడు. ఆ రాత్రి తరువాత ర్యాపర్ అంటే మాట కట్టేవాడు అయ్యాడు. దీనికీ వెనుక ఇంకా పాతది ఒకటి ఉంది. నల్లజాతి వారి వీధుల్లో తరతరాలుగా ఇద్దరు ఎదురెదురుగా నిలబడి ఒకరినొకరు హేళన చేసుకునే ఆట. దాన్ని డజన్స్ అంటారు. అందులో కోపం తెచ్చుకున్నవాడు ఓడిపోయినట్టే. బానిసత్వం, అవమానం అనుభవించిన ఒక జాతి తన పిల్లలకు నేర్పుకున్న ఓర్పు అది. తిట్లున్నాయని ఈ కళను తీసిపారేసే ముందు ఆ సంగతి గుర్తుంచుకోవాలి.

ఇక జిన్. 1982లో ఫ్లోరిడాలోని మయామీలో పుట్టాడు. తల్లిదండ్రులు హాంకాంగ్ నుంచి వలస వచ్చిన హక్కా చైనీయులు. చైనీస్ రెస్టారెంటు నడిపేవారు. ఇంట్లో కాంటనీస్, వీధిలో ఇంగ్లీషు, చెవిలో ర్యాప్. 2000లో హైస్కూలు పూర్తి చేశాడు. కాలేజీలో చేరలేదు. వెనుక వరుసలో ఇద్దరు ముగ్గురు తల్లులు నిట్టూర్చడం నాకు ఇక్కడికి వినపడుతోంది. అతని తల్లిదండ్రులూ అదే నిట్టూర్చి ఉంటారు. 2001లో న్యూయార్క్ చేరి, సొంతంగా చేసిన మిక్స్‌టేపులు వీధుల్లో అమ్ముతూ, ఎవరు పిలిస్తే వాళ్లతో బ్యాటిల్‌కు నిలబడ్డాడు.

బీఈటీ అని నల్లజాతి ప్రేక్షకుల కోసం వెలసిన టీవీ చానెల్ ఒకటి ఉంది. అందులో '106 అండ్ పార్క్' అనే కార్యక్రమంలో ప్రతి శుక్రవారం ఇద్దరు ర్యాపర్లకు పోటీ పెట్టేవారు. దాని పేరు ఫ్రీస్టైల్ ఫ్రైడే. గెలిచినవాడు పై వారం కొత్తవాణ్ణి ఎదుర్కోవలసి వచ్చేది. వరసగా ఏడు వారాలు నిలిస్తే హాల్ ఆఫ్ ఫేమ్‌లోకి ఎక్కించేవారు. ప్రత్యక్ష ప్రసారం. సమయం సెకన్లలో కొలిచేవారు. బూతు మాట వాడనిచ్చేవారు కాదు. ఆలోచించడానికి వ్యవధి ఉండేది కాదు. ఎదుటివాడు అన్నది వింటూనే జవాబు తయారు చేసుకోవలసి వచ్చేది. 2002లో ఆ వేదిక మీదికి ఇరవయ్యేళ్లు కూడా సరిగ్గా నిండని చైనీస్ కుర్రాడు ఎక్కాడు.

ఎదుటివాడి చేతిలో ఏ ఆయుధం ఉందో అందరికీ తెలుసు. జిన్ మొహం. అన్నం, కరాటే, బ్రూస్ లీ, కళ్ల ఆకారం. తెల్లవాళ్ల బడిలో చదివిన ప్రతి చైనీస్ పిల్లవాడూ విన్న మాటలే ఇవి. జిన్ చేసిన పని చూడండి. ఆ మాటలు తనను గాయపరిచాయని చెప్పలేదు, అవి తప్పని వాదించలేదు. తాను చైనీయుణ్ణేనని ముందుగా తానే చాటి, ఆ హేళననే ఎదుటివాడి మీదికి తిప్పి కొట్టాడు. జనం లేచి నిలబడ్డారు. అదే సంవత్సరం నవంబరులో విడుదలైన '8 మైల్' సినిమాలో ఎమినెమ్ పాత్ర చివరి బ్యాటిల్‌లో చేసేది ఇదే. తన లోపాలన్నీ తానే ముందు చెప్పేస్తాడు, ఎదుటివాడికి అనడానికి ఏమీ మిగలదు. సినిమాకు కథారచయిత ఉన్నాడు. జిన్ వెనుక ఎవరూ లేరు.

ఇందులోని నిర్మాణం గురించి కొంచెం చెప్పాలి, ఎందుకంటే పద్యం తెలిసిన సభ ఇది. బ్యాటిల్ ర్యాప్‌లో సాధారణంగా రెండు పాదాలు జంటగా నడుస్తాయి. మొదటి పాదం నేల చదును చేస్తుంది, రెండో పాదం చివర దెబ్బ పడుతుంది. ఆ దెబ్బను పంచ్ అంటారు. ఆరితేరినవాడు మనసులో రెండో పాదాన్నే ముందు దొరకబుచ్చుకుంటాడు. దానికి అంత్యప్రాస కలిసేలా మొదటి పాదాన్ని వెనక్కి కట్టుకుంటాడు. నోట మాత్రం మొదటిది ముందు వస్తుంది. పంచ్ పడగానే జనం అరుస్తారు. ఆ అరుపు చల్లారే లోపల తరువాతి జంట సిద్ధం కావాలి. జనం కేక అతనికి మెప్పూ అవుతుంది, ఊపిరి పీల్చుకునే వ్యవధీ అవుతుంది. ముందే కట్టుకుని వచ్చిన పాదాలు ప్రతివాడి దగ్గరా కొన్ని ఉంటాయి. అవి ఎన్ని ఉన్నా, అప్పటికప్పుడు ఎదుటివాడి మాట అందుకుని తిప్పి కొట్టిన ఒక్క పాదానికి ఉన్న విలువ వాటికి ఉండదు. తిప్పి కొట్టడంలో జిన్‌కు ఆ రోజుల్లో సాటి రాగలవాళ్లు బహు కొద్దిమంది.

ఒక మాట దాచకుండా చెప్పాలి. అతను గెలిచిన పాదాల్లో ఎదుటివాడి ఇంటి ఆడవాళ్లను లాగినవీ ఉన్నాయి. వాటికే జనం ఎక్కువ అరిచారు. ఆ రోజుల బ్యాటిల్‌లో అది మామూలే. మామూలే కాబట్టి ఒప్పు అని నేను అనను. అక్కచెల్లెళ్ల ఊసు ఎత్తకుండా గెలవగల సత్తా ఉన్నవాడు వాళ్ల ఊసు ఎత్తడం అతని విద్యకు తక్కువే.

ఏడు శుక్రవారాలూ గెలిచాడు. హాల్ ఆఫ్ ఫేమ్‌లోకి ఎక్కిన రాత్రే రఫ్ రైడర్స్ సంస్థతో ఒప్పందం కుదిరిందని ప్రకటించాడు. డీఎంఎక్స్, ఈవ్ వంటి వాళ్లను నిలబెట్టిన సంస్థ అది. అమెరికాలో పెద్ద రికార్డు కంపెనీతో ఒప్పందం కుదుర్చుకున్న తొలి ఆసియా అమెరికన్ సోలో ర్యాపర్‌గా జిన్ పేరు చెబుతారు. 2003లో '2 ఫాస్ట్ 2 ఫ్యూరియస్' సినిమాలో ఒక పాత్ర దక్కింది. ఇంతవరకూ కథ అందరికీ నచ్చేదే.

ఆల్బం మాత్రం వెంటనే రాలేదు. 2003లో రావలసింది వాయిదా పడుతూ పడుతూ 2004 అక్టోబరులో 'ది రెస్ట్ ఈజ్ హిస్టరీ' పేరుతో వచ్చింది. బిల్‌బోర్డ్ జాబితాలో 54వ స్థానంలో అడుగుపెట్టింది. కొత్తవాడికి అది తీసేయదగ్గ స్థానమేమీ కాదు. కానీ ఏడు వారాల పాటు దేశం చేత కేకలు వేయించినవాడి మీద కంపెనీ పెట్టుకున్న ఆశకు అది చాలలేదు.

ఎందుకిలా జరిగింది? జాతి వివక్ష అని కొందరంటారు. చైనీస్ మొహాన్ని ఎలా అమ్మాలో కంపెనీకి తెలియలేదని ఇంకొందరంటారు. రెండూ నిజమే కావచ్చు. నాకు తోచింది మరొకటి. బ్యాటిల్ ర్యాపర్‌కు ఎదురుగా మనిషి కావాలి. అతని మాట పుట్టేదే ఎదుటివాడి మాటలో నుంచి. స్టూడియోలో ఎదురుగా ఎవరూ ఉండరు. వైక్లెఫ్ జాన్ స్వరపరచిన 'లెర్న్ చైనీస్' అనే పాటను ఆల్బం కంటే ముందు వదిలారు. అందులో జిన్ ఇంకా ఆ శుక్రవారపు వేదిక మీదే ఉన్నాడు, తనను హేళన చేసినవాడికి జవాబు చెబుతూనే ఉన్నాడు. హేళన చేసేవాడు మాత్రం ఆ గదిలో లేడు. టీవీలో అంత పదునుగా ఉన్న ఆ గొంతు రికార్డులో గద్దింపులా వినిపించింది.

2005 మేలో ర్యాప్‌ను పక్కన పెడుతున్నానని చెప్పాడు. 'ఐ క్విట్' అని పాటే కట్టాడు. ఇరవై రెండేళ్లకే విరమణ. అది నిలవలేదు, అదే ఏడాది మరో ఆల్బం తెచ్చాడు. ఫైట్ క్లబ్ పోటీల్లో సీరియస్ జోన్స్ చేతిలో దెబ్బ తిన్నాడు. ఆ తరువాత బ్యాటిల్ తీరే మారిపోయింది. 2008లో కెనడాలో కింగ్ ఆఫ్ ది డాట్, ఆ మరుసటేడు న్యూయార్క్‌లో యూఆర్ఎల్ అనే బ్యాటిల్ లీగులు వచ్చాయి. వాద్యం తీసేశారు. ఎదుటివాడెవరో ముందే చెబుతారు, ర్యాపర్లు ఇంట్లో రాసుకుని వస్తారు. పాదాలు చిక్కగా, శ్లేషలు గడుసుగా తయారయ్యాయి. వింటే ఆశ్చర్యంగానే ఉంటుంది. ఆశువు మాత్రం పలచబడింది. జిన్ ఆ పాత బడి చివరి తరం వాడు.

ఇప్పుడు నేను అసలు చెప్పదలచుకున్న చోటికి వచ్చాను. 2007లో జిన్ 'ఏబీసీ' అని ఒక ఆల్బం తెచ్చాడు. అమెరికాలో పుట్టిన చైనీయులను అలా అంటారు. ఆల్బం మొత్తం కాంటనీస్‌లో ఉంది. కాంటనీస్‌లో ఆరు స్వరాలు. స్వరం మారితే అర్థం మారిపోతుంది. వాద్యం ఊపుకు తగ్గట్టు గొంతు ఎక్కించి దించే వీలు ఇంగ్లీషులో ఉన్నంత ఉండదు. మాట అర్థం పోకుండా, తాళం తప్పకుండా, ప్రాస చెడకుండా నడవాలి. మనకు యతిప్రాసలు, గణాలు ఎలాంటి కట్టడో అతనికి ఆ స్వరాలు అలాంటి కట్టడి. పైగా అది అతను పుస్తకాల్లో చదువుకున్న భాష కాదు, ఇంట్లో అమ్మానాన్నలతో మాట్లాడిన భాష. అమెరికాలో ఒక రికార్డు కంపెనీ ఆశించేది కాదు, బిల్‌బోర్డ్ జాబితాకు పనికొచ్చేదీ కాదు. ఈసారి అతని మాట ఎవరికో జవాబుగా పుట్టలేదు. తనవాళ్లను పిలిచి చెప్పినట్టుగా ఉంది. స్టూడియోలో లేకుండా పోయిన ఎదుటి మనిషి అతనికి మళ్లీ దొరికాడు, ఈసారి శత్రువుగా కాదు.

ఆ ఆల్బం అతణ్ణి 2008లో హాంకాంగ్ చేర్చింది. 2012 దాకా అక్కడే ఉన్నాడు. టీవీ కార్యక్రమాలు, ప్రకటనలు, సినిమాలు. తల్లిదండ్రులు వదిలి వచ్చిన ఊళ్లో కొడుకు ఇంటింటికీ తెలిసిన మనిషి అయ్యాడు. అమెరికాకు తిరిగి వచ్చాక 2014లో '14:59' అనే ఆల్బం విడుదల చేశాడు. ఎవరికైనా కీర్తి పదిహేను నిమిషాలే అంటారు కదా, అందులో చివరి సెకను మిగిలి ఉందని ఆ పేరులోని ధ్వని. 2017లో చైనాలో 'ది ర్యాప్ ఆఫ్ చైనా' పోటీకి ముసుగు వేసుకుని, మారుపేరుతో వెళ్లాడు. ఆ వేదిక మీద చాలామంది కంటే ముందే ఈ విద్యలో పేరు తెచ్చుకున్నవాడు కొత్తవాళ్లతో పాటు వరుసలో నిలబడ్డాడు. ముసుగు ఉన్నా గొంతు పోల్చుకోవడం జనానికి కష్టం కాలేదు.

2020 డిసెంబరులో 'మాన్‌స్టర్ హంటర్' అనే సినిమాలో అతని పాత్ర అన్న ఒక శ్లేష చైనాలో పెద్ద రగడ అయింది. ప్రేక్షకులకు అది తమ జాతిని హేళన చేసే పాత పాటను గుర్తు చేసింది. సినిమాను అక్కడ థియేటర్ల నుంచి తీసేశారు. ఆ మాట తన జాతి గురించి గర్వంగా అన్నదేనని జిన్ చెప్పుకున్నాడు. అతను నిజమే చెప్పాడని నేను నమ్ముతాను. హేళనను అందుకుని తిప్పి కొట్టడమే అతను ఇరవయ్యేళ్లుగా చేసిన పని. బ్యాటిల్‌లో ఆ హేళన జనం కళ్లముందే పుడుతుంది, జవాబు ఎందుకో అందరికీ తెలుస్తుంది. సినిమాలో ఆ హేళన లేదు, జవాబొక్కటే వినిపించింది. మరుసటి ఏడు, అమెరికాలో ఆసియా వాళ్ల మీద దాడులు పెరిగిన రోజుల్లో, వైక్లెఫ్ జాన్‌తో కలిసి 'స్టాప్ ది హేట్రెడ్' పాట చేశాడు.

ఏడు శుక్రవారాలను మించిన విజయం ఆ కాంటనీస్ ఆల్బమే అని నా తీర్పు. బ్యాటిల్ అభిమానులు ఒప్పుకోరని తెలుసు. శుక్రవారాల్లో అతను ఏ కుర్రాడినైనా ఓడించగలనని చూపించాడు. ఆల్బంలో ఓడించాల్సిన అవసరం లేకుండా నిలబడగలనని చూపించాడు. రెండోది కష్టం.

మన పిల్లల విషయానికి వస్తాను. కాలిఫోర్నియాలో తెలుగు తల్లిదండ్రులకు పుట్టిన శ్వేత యల్లాప్రగడ రావు 'రాజకుమారి' పేరుతో ర్యాప్ చేసి, పెద్ద గాయకులకు పాటలు రాసి, భారతదేశంలో ర్యాప్ పోటీలకు న్యాయనిర్ణేతగా కూర్చుంది. హైదరాబాదులో రోల్ రైడా లాంటి వాళ్లు తెలుగులోనే కడుతున్నారు. ఈ హాలు బయట కారిడార్‌లో తిరుగుతున్న పిల్లల్లో ఇలాంటివాళ్లు ఉన్నారు. వాళ్లకు పద్యం రాదని మనం బాధపడతాం. తెలుగులో ఒక పాదం కట్టి, ఎదుటివాడికి జవాబు చెప్పే అవకాశం వాళ్లకు మనం ఎప్పుడైనా ఇచ్చామా?

నిర్వాహకులకు నా విన్నపం ఇది. వచ్చే ఏడాది ఇదే సభలో, అవధానం అయిన వెంటనే, పిల్లలకు ఒక గంట ఇవ్వండి. తెలుగు ర్యాప్ బ్యాటిల్ పెట్టండి. బూతు వద్దు, ఇంటి ఆడవాళ్ల ఊసు వద్దు, ఇంగ్లీషు మాట దొర్లితే దొర్లనివ్వండి. అవధాని గారినే న్యాయనిర్ణేతగా కూర్చోబెట్టండి. మా ఇంటి నుంచి ఒక పేరు ఈ రోజే రాసుకోండి.