మూకీల నాటి మన జైరాజ్
(దబీర్‌పురా సమావేశంలో చేసిన ప్రసంగ పాఠం)



దబీర్ అంటే ఫార్సీలో లేఖకుడు, అంటే మనబోటి గుమాస్తాయే. అందుచేత నన్ను తారీఖులతోనే మొదలుపెట్టనివ్వండి.

ఫాల్కే అవార్డు పొందిన తెలుగువారెవరంటే బి.ఎన్.రెడ్డి, ఎల్.వి.ప్రసాద్, నాగిరెడ్డి, అక్కినేని అని మనవాళ్ళు గడగడా చెబుతారు. 1980 సంవత్సరానికి ఆ అవార్డు పొందిన పైడి జైరాజ్ పేరు దగ్గర మాత్రం తడబడతారు. ఆయన 1909లో కరీంనగర్‌లో పుట్టారు. మన నిజాం కాలేజీలో చదివారు.

అసలు మన ఊళ్ళోనూ మూకీలు తీశారు. ధీరేన్ గంగూలీ అనే బెంగాలీ నటుడు 1922లో ఇక్కడ లోటస్ ఫిల్మ్ కంపెనీ పెట్టి వరుసగా చిత్రాలు తీశాడు. 1924లో ‘రజియా బేగం’ చిత్రం ప్రదర్శించినందుకు నిజాం ప్రభువు ఆగ్రహించి రాజ్యం విడిచి పొమ్మన్నారు. దానితో ఆ ముచ్చట ముగిసింది. తరువాత కొద్ది ఏళ్ళకే జైరాజ్ బొంబాయి చేరారు. 1929లో ‘జగ్‌మగ్‌తీ జవానీ’ మూకీలో తొలి వేషం, ఆ వెంటనే ‘రసీలీ రాణీ’లో నాయకుడు.

మూకీలో మాట ఉండదు. గుర్రం ఎక్కాలి, కత్తి తిప్పాలి, కళ్ళతోనే కథ చెప్పాలి. తెర మీద పడే అక్షరాలను చదవలేనివారికి ఒకాయన పక్కన నిలబడి బిగ్గరగా చదివి చెప్పేవాడు. 1931లో ‘ఆలం ఆరా’తో బొమ్మ మాట్లాడడం మొదలుపెట్టేసరికి చాలామంది తారలకు గొంతులో వెలక్కాయ పడింది. అంతటి సులోచన కూడా పని ఆపుకొని హిందుస్తానీ నేర్చుకోవలసి వచ్చింది. జైరాజ్‌కు ఆ ఇబ్బంది రాలేదు. నిజాం రాజ్యంలో కచేరీ భాష ఉర్దూ. మన గల్లీల్లో పెరిగిన తెలుగు పిల్లవాడికి ఈనాటికీ ఆ భాష ఎవరూ కూర్చోబెట్టి నేర్పనక్కరలేదు గదా! ఆయనను నిలబెట్టింది ఈ నేల నాలుకే అని నా నమ్మకం.

ఆ పైన ‘హాతిం తాయి’, ‘అమర్‌సింగ్ రాఠోడ్’, ‘టిప్పు సుల్తాన్’, ‘చంద్రశేఖర్ ఆజాద్’... ఒకటా రెండా! మనకు యాభై ఎనిమిదికే పూలదండ వేసి సాగనంపారు. ఆయన 1975లో, అరవై అయిదేళ్ళ వయసులో, ‘షోలే’లో పోలీసు అధికారిగా కనిపించారు. మనలో ఆ సినిమా చూడనివారు లేరు, ఆయనను గుర్తుపట్టినవారూ లేరు.

దేశంలో తీసిన మూకీలు వెయ్యికి పైమాటే. మిగిలినవి కొద్ది పదులు. ఫిలిం కాలిపోయింది, కుళ్ళిపోయింది, లోపలి వెండి కోసం కరిగించారు కూడా. రికార్డు రూములో చెదపట్టిన ఫైళ్ళు చూసినవాళ్ళం, ఆ బాధ మనకు వేరే చెప్పాలా?

ఆయన 2000 ఆగస్టులో ముంబయిలో కన్నుమూశారు. రవీంద్రభారతి ఆవరణలోని ప్రివ్యూ థియేటరుకు ఆయన పేరు పెట్టారు. ఈసారి అటు వెళ్ళినప్పుడు మనుమలకు ఆ బోర్డు చూపించండి. ఎవరాయన అని వాళ్ళు తప్పక అడుగుతారు.