చరిత్రకు పట్టిక రాసేదెవరు?
(భాగ్యరెడ్డి వర్మ స్మారకోపన్యాసం, శామీర్‌పేట)

1906లో జగన్మిత్ర మండలి స్థాపించి హైదరాబాదు దళిత ఉద్యమానికి పునాది వేసిన మహనీయుడు భాగ్యరెడ్డి వర్మను ఈరోజు స్మరించుకుంటున్నాం. 1917లో బెజవాడ పంచమ మహాసభకు అధ్యక్షత వహించి, ఈ నేల తొలి బిడ్డలు తామేనని ఆయన చాటారు. నిజాం ప్రభుత్వం 1931 జనాభా లెక్కల్లో దళితులను ఆది హిందువులుగా నమోదు చేసిందంటే అది ఆ ఉద్యమం సాధించిన విజయమే. సర్కారు పట్టికలో తమను ఏమని రాయాలో తామే తేల్చుకున్నారు. అమెరికాలో నల్లజాతి డిజిటల్ మానవీయ శాస్త్రాలు, అంటే నల్లవారి చరిత్రనూ సాహిత్యాన్నీ కంప్యూటర్ల సాయంతో అధ్యయనం చేసే రంగం, ఎదిగిన చరిత్రను నేను ఈ కోణం నుంచే చూస్తున్నాను. ఆ చరిత్ర యంత్రంతో మొదలు కాలేదు, పట్టికతో మొదలైంది.

న్యూయార్క్ నగరంలోని హార్లెం గ్రంథాలయానికి నల్లజాతి గ్రంథ సేకర్త షోంబర్గ్ కూడబెట్టిన పుస్తకాలు చేరింది 1926లో. 1930లో హోవర్డ్ విశ్వవిద్యాలయ సేకరణ బాధ్యత చేపట్టిన డొరొతీ పోర్టర్, నల్లవారి రచనలు ఏవైనా సరే గ్రంథాలయ వర్గీకరణ సంఖ్యల్లో వలసలకు సంబంధించిన 325లోనో, బానిసత్వానికి సంబంధించిన 326లోనో పడేసే పద్ధతిని తోసిపుచ్చారు. కవిత్వం కవిత్వం పక్కన, చరిత్ర చరిత్ర పక్కన ఉండాలని పుస్తకాలను మళ్ళీ వర్గీకరించారు. కంప్యూటర్లు వచ్చాక 1999లో బానిస నౌకల ప్రయాణాల వివరాలు సీడీగా, 2008లో అంతర్జాలంలో వెలువడ్డాయి. సుమారు 36,000 ప్రయాణాలు అందులోకి ఎక్కాయి. కానీ ఆ లెక్కలు రాసుకున్నది వ్యాపారులు. వాటిలో మనిషి ఒక సరుకు. ఈ లోపాన్ని గుర్తించిన తరం మరో దారి తొక్కింది. 1830 నుంచి నల్లజాతి పౌరులు జరుపుకున్న మహాసభల కార్యక్రమాల నివేదికలను డెలవేర్ విశ్వవిద్యాలయ బృందం 2012 నుంచి ఒకచోట చేర్చింది. నివేదికల్లో ప్రతినిధులుగా కనబడేది ఎక్కువగా మగవాళ్ళే. అందుకే ఈ నివేదికలతో పాఠం చెప్పే అధ్యాపకులు, ప్రతి ప్రతినిధితో పాటు ఆ ఉద్యమంలో ఉన్న ఒక స్త్రీని కూడా విద్యార్థుల చేత వెతికిస్తామని ఒప్పుకోవాలన్న నియమం ఆ బృందం పెట్టింది. పరిశోధనా బోధనా ఒక్కటైన చోటు అది. 2016లో పరిశోధకురాలు కిమ్ గాలన్ వ్యాసం ఈ కృషికంతటికీ సిద్ధాంత రూపం ఇచ్చింది.

మన దగ్గర ఏముంది? 1946లో అంబేడ్కర్ అమెరికా నల్లజాతి మేధావి డుబాయిస్‌కు రాసిన ఉత్తరాన్నీ, డుబాయిస్ ఇచ్చిన జవాబునూ మసాచుసెట్స్ విశ్వవిద్యాలయం అంతర్జాలంలో పెట్టబట్టి ఇవాళ ఎవరైనా చదువుకోవచ్చు. మన నగరంలో పుట్టిన దళిత్ కెమెరా సభలను, మాటలను వీడియోలుగా భద్రపరిచింది. ఆది హిందూ ఉద్యమాన్ని దగ్గరుండి చూసిన పి.ఆర్. వెంకటస్వామి 1955లో వెలువరించిన గ్రంథాన్ని హైదరాబాద్ బుక్ ట్రస్ట్ మళ్ళీ అచ్చువేసింది. ఇక డిజిటల్ లైబ్రరీ ఆఫ్ ఇండియా వేల తెలుగు పుస్తకాలను స్కాన్ చేసింది, అది చాలా పెద్ద మేలు. అయితే వాటి పేర్లు ఇంగ్లిషు లిపిలో, తప్పుల తడకగా నమోదయ్యాయి. బొమ్మగా మిగిలిన పుటలో మాట వెతకడం కుదరదు. యంత్రం చేత చదివిద్దామంటే పాత అచ్చులో ఒత్తు పై అక్షరాన్ని వదిలి కింది వరుసలో కలుస్తుంది. అంతా సరిగా చదివినా, మాదరి భాగయ్య, భాగ్యరెడ్డి వర్మ ఒక్కరేనని ఎవరో పట్టికలో రాస్తే తప్ప యంత్రానికి తెలియదు. ఆ రాసే పని తెలిసిన మనిషిది.

దళిత చరిత్రను ఇలా డిజిటల్‌గా భద్రపరుద్దామంటే, కులం వేరు, జాతి వేరు, అమెరికా వాళ్ళ పద్ధతి మనకెందుకని కొందరంటారు. రెండూ వేరే, కాదనను. నేను అరువు తెచ్చుకోమంటున్నది సిద్ధాంతం కాదు, పనిచేసే క్రమశిక్షణ. అక్కడ నౌకల లెక్కలు యజమానులవైతే, ఇక్కడ వెట్టి లెక్కలు దొరలవి, అధికారులవి. రెంటి విషయంలోనూ ఒకే జాగ్రత్త కావాలి. బడి లేని పిల్లలుండగా ఈ ఖర్చేమిటన్నది రెండో ఆక్షేపణ. భాగ్యరెడ్డి వర్మ బడులు నడిపారు, 1931లో 'భాగ్యనగర్' పత్రికా నడిపారు. చదువునూ చరిత్రనూ ఆయన విడదీయలేదు. మూడోది అన్నిటికన్నా బరువైనది. పాత రికార్డులు బయటపెడితే, కులం పేరుతో ఇవాళ్టి మనుషులకు హాని జరగదా? జరగొచ్చు. అందుకే ఏది అందరికీ చూపాలి, ఏది మూసి ఉంచాలి అన్నది ఆ కుటుంబాలు, ఆ సమాజం తేల్చాలి. ఈ ఆక్షేపణ నా వాదాన్ని బలపరుస్తుందే తప్ప కొట్టివేయదు.

ఈ పనికి శామీర్‌పేటను మించిన చోటు లేదు. 1998లో ఏర్పడిన నల్సార్ న్యాయ విశ్వవిద్యాలయం ఇక్కడే ఉంది, 2008లో మొదలైన బిట్స్ పిలానీ హైదరాబాద్ ప్రాంగణం ఈ పక్కనే ఉంది. కాపీహక్కు, గోప్యతల సంగతి ఒకరు చూడగలరు, పాత తెలుగు అచ్చును యంత్రం చేత చదివించే పని మరొకరు చేయగలరు. కానీ మేడ్చల్, శామీర్‌పేట మండలాల మాల, మాదిగ వాడల పెద్దలు, ముఖ్యంగా ఆడవాళ్ళు, సమాచారం ఇచ్చేవాళ్ళుగా కాక నిర్ణయించేవాళ్ళుగా కూర్చోకపోతే మనం చేసేది మరో దొర లెక్కల పుస్తకమే అవుతుంది. విద్యార్థులారా, స్కానర్ కొనేముందు వాళ్ళను పిలవండి. పట్టికలో ఏమేం ఉండాలో మొదట వాళ్ళనే రాయమనండి.