పరాయి ఊళ్లో బూర చేసినవాడు

తమ్ముళ్లూ, చెల్లెళ్లూ, ఈ పూట మనం ఒక బూర గురించి మాట్లాడుకుందాం.

రొంపిచెర్లలో పెళ్లి ఊరేగింపు వస్తే బ్యాండు మేళంలో వంకర తిరిగిన ఇత్తడి బూర ఒక్కోసారి కనిపిస్తుంది. అదే శాక్సఫోన్. ఆ పేరు ఒక మనిషి ఇంటిపేరని మనలో చాలామందికి తెలియదు.

అడాల్ఫ్ శాక్స్ 1814లో ఇప్పటి బెల్జియంలోని దినాన్‌లో పుట్టాడు. తండ్రిదీ వాద్యాలు చేసే పనే. చిన్నతనంలో మేడ మీంచి పడ్డాడనీ, బతకడనుకున్నారనీ చెబుతారు. 1842లో పని వెతుక్కుంటూ పారిస్ చేరాడు. అక్కడి వాద్యాల తయారీదారులకు కంటగింపయ్యాడు. ఎక్కడినుంచో వచ్చి మా కూడు లాక్కుంటాడా అన్నట్టు వాళ్లంతా ఏకమయ్యారు. 1845లో ఒక మైదానంలో పాత సైనిక బ్యాండుకూ, శాక్స్ వాద్యాల బ్యాండుకూ పోటీ పెట్టారు. జనం శాక్స్ వైపే మొగ్గారు. మరుసటి ఏడు శాక్సఫోన్‌కు పేటెంటు వచ్చింది. గొట్టం ఇత్తడిది, ఊదే చోట మాత్రం క్లారినెట్టుకు మల్లే రెల్లుతో చేసిన పలచని పీక.

గెలిచాడనుకుంటున్నారా? ఆ పేటెంటు రద్దు చేయించాలని తోటి తయారీదారులు ఏళ్ల తరబడి కోర్టుల చుట్టూ తిప్పారు. 1852, 1873, 1877లో మూడుసార్లు దివాలా తీశాడు. 1894లో పేదవాడిగానే పోయాడు. నూరేళ్ల తర్వాత బెల్జియం 200 ఫ్రాంకుల నోటు మీద అతని బొమ్మ వేసింది. బతికినన్నాళ్లూ చేతిలో డబ్బు నిలవని మనిషి బొమ్మ!

మన ఎరుకలవాళ్లకు ఈ కథ కొత్తదేం కాదు. మన పెద్దలు వెదురు బుట్టలు అల్లుకుంటూ ఊళ్లు తిరిగారు. పోయిన చోటల్లా ‘ఎక్కడోళ్లు?’ అన్న ప్రశ్నే. నేరస్థ జాతుల చట్టం కింద మన జాతి పేరే పోలీసు పట్టీకెక్కింది. ఆ చట్టం 1952లో రద్దయింది, ఆ చూపు మాత్రం ఇంకా పూర్తిగా పోలేదు.

శాక్స్‌కూ మనకూ ఒక తేడా ఉంది. అతను చేసినదానికి అతని పేరుంది. మన బుట్టకు ఎవరి పేరూ లేదు. తమిళనాట నరసింగంపేట్టై నాదస్వరానికి 2022లో భౌగోళిక గుర్తింపు వచ్చింది, అక్కడి తయారీదారుల పని ఆ ఊరి పేరుతో నిలిచింది.

అందుకని మాదొక కోరిక. ఇంటికెళ్లాక మీ తాతనో అమ్మమ్మనో కూర్చోబెట్టి అడగండి. వెదురు ఎక్కడ కొట్టేవాళ్లు, ఎప్పుడు కొట్టేవాళ్లు, బద్ద ఎలా చీల్చేవాళ్లు, ఏ బుట్టను ఏమనేవాళ్లు. వాళ్ల పేరుతో సహా రాసుకోండి. వచ్చే సమావేశానికి ఆ కాగితాలు తెండి, మేం పుస్తకంగా కుడతాం.